హాస్టల్ రిజిస్టర్‌ల ఖాళీ గడి

ఒకే రిజిస్టర్ మీద రెండు ఆదివారాలు ఇజ్జత్ పోగొట్టుకున్నోడు ఎవడన్న ఉన్నడా? ఉన్నడు, నేనే. చాయ్ తాగుకుంట ఇనుండ్రి.

మొదలు వెట్టింది ఒక సినిమా. పోయిన వారం ముందటి శనివారం దిల్‌సుఖ్‌నగర్ల నా చీరల దుకాణం జర జల్ది మూసి, మా పద్మతోని పోయిన. అండ్ల హీరో మారుతండ్రి. మా చిన్నప్పటి సినిమాలల్ల మారుతండ్రంటే ఎర్ర కండ్లు, చేతిల బెల్టు, పిల్ల ముందటి కంచం గుంజుకునుడు. గీయన గట్ల కాదు. బిడ్డ ఇడిసిపెట్టిన సగం దోశ నిలవడి తింటడు. ఆమె కన్నతండ్రి ఫొటోను రోజు పొద్దుగాల ఎవ్వరు లేవకముందే తుడుస్తడు. నన్ను నాన్నా అని పిలువు అని ఒక్కపారి గూడ అడగడు. ఎంత మంచిగ తీసిండ్రో! నాకైతే కండ్లద్దాలు తుడుసుకునుడే సరిపోయింది. మా ఇంటి ముచ్చట కద మరి. పద్మను చేసుకొని రెండేండ్లాయె, ఆమె బిడ్డ సాహితికి నేను ఇంకా 'అంకుల్, మీరు' కాడనే ఉన్న.

అండ్ల ఒక సీన్ ఉన్నది. స్కూల్ ఫారంల తండ్రి గడిని ఆయన ఖాళీగ ఇడుస్తడు. పిల్లనే పెన్ను తీసుకొని ఆయన పేరు రాస్తది. పాట లేదు, డైలాగ్ లేదు. గప్పుడే నా బుర్రల పురుగు తొలిచింది.

తెల్లారి సాహితిని తుర్కయంజాల్ల ఇంటికి తీసుకపోదామని చైతన్యపురిల ఆమె హాస్టల్‌కు పోయిన. గేటు కాడ రిజిస్టర్ల పేరు రాసిన, టైం రాసిన. 'ఏమైతరు' అన్న గడిల ఎప్పుడు గార్డియన్ అని రాసేటోణ్ణి. ఆనాడు ఖాళీగ ఇడిసిన.

వాచ్‌మన్ నింపుమన్నడు. అది పాప నింపుతదని చెప్పిన. ఆయన నన్ను కిందికి మీదికి చూసి వార్డెన్ మేడంను పిలిచిండు. ఆమెది గుంటూరు దిక్కు.

"ఏంటండీ, అమ్మాయికి మీరేమవుతారో మీకే తెలీదా?"

ఎనక లైన్ల ఉన్నోళ్లు పోలీసులను పిలుద్దామా అని గుసగుస పెట్టిండ్రు. అయినా నేను మొండికేసిన.

సాహితి కిందికొచ్చింది. ఖాళీ గడి చూసింది, నన్ను చూసింది.

"అంకుల్, గా సినిమా చూసిండ్రా?"

తల ఊపిన. నవ్వు ఆపుకుంట పెన్ను తీసుకున్నది. రెండేండ్ల సంది ఆశపడ్డ మాట రాస్తదేమోనని నేను మెడ సాపిన.

'మావోడే' అని రాసింది.

"పెద్దాయన్ని పట్టుకుని మావోడేంటమ్మా?" అన్నది వార్డెన్.

"మావోడే మేడం," అని బ్యాగు నా చేతికిచ్చి, పోయి స్కూటర్ కాడ నిలవడ్డది.

రెండేండ్లు 'మీరు' అన్న పిల్ల నన్ను 'వోడు' అన్నది! ఎల్బీనగర్ దాటేదాంక నాకు తొవ్వ సక్కగ కనవడలే.

ఇగ మొన్న ఆదివారం మల్ల పోయిన. ఖుషీ తట్టుకోలేక గడిల నేనే పెద్దక్షరాలతోని 'మావోడే' అని రాసిన. వాచ్‌మన్ చదివి నెత్తి గోక్కున్నడు.

"అన్నా, పాప రాస్తే ఒక లెక్క. నీకు నువ్వే మావోడివి ఎట్లయితవ్?"