ఆట అయ్యాక చేసిన ఉపవాసం

ఢిల్లీలో మొదటి ఆసియా క్రీడలు జరిగిన ఏడాది నేను కొత్త పెళ్లికూతురుగా పోర్ట్ బ్లెయిర్‌లోని డెలానీపూర్ వచ్చాను. ఓడలో వచ్చిన పేపర్లో మన ఫుట్‌బాల్ జట్టు ఫైనల్‌కి చేరిందని చదివి, జట్టు గెలుపు కోసం ఆదివారం సంఘమంతా ఉపవాసముందామని ఆరాధనలో లేచి చెప్పాను.

"బంతాటకి ఉపవాసమేంటమ్మా?" అన్నారు పాస్టరుగారు.

"ఆటకి కాదండీ, దేశానికి" అన్నాను. ఒప్పుకున్నారు.

ఆదివారం సాయంత్రం ఆకలితో ప్రార్థిస్తుంటే, అప్పుడే మద్రాసు ఓడ దిగిన కళాసీ అప్పన్న గుమ్మంలో నిలబడి నవ్వాడు.

"ఏటి దీదీ, ఆ మ్యాచ్ ఎప్పుడో ఖతమ్ అయిపోనాది! ఇప్పుడెవుర్ని గెలిపిత్తారు?"

అందరూ నావైపు తిరిగారు. మా చేతికొచ్చేసరికే ఆ పేపరు పాతదన్న సంగతి ఒక్కరికీ తట్టలేదు. సిగ్గుతో చచ్చిపోయాను. మనవాళ్లు ఓడిపోయుంటే ఇక సంఘంలో నా మాట ఎవరు వింటారు?

"ఎవరు గెలిచారు భయ్యా?" అన్నాను భయంభయంగా.

"ఇంకెవులు? మనమే!"

చప్పట్లు మోగాయి. పాస్టరుగారు నవ్వి, "ఎస్తేరమ్మ అడుగుతుందని ప్రభువుకి ముందే తెలుసు. రండి, భోంచేద్దాం" అన్నారు.

నేనూ అదే నమ్మాను. అందుకే ఇప్పటికీ, పరీక్ష రాసేసి వచ్చిన పిల్లల కోసం కూడా ధైర్యంగా మోకరిస్తాను.

- ఎస్తేరు, పోర్ట్ బ్లెయిర్