కట్టుడు పళ్ల గది మీద దావా

ఆయన కట్టుడు పళ్లు తయారుచేసేవాడు. వీధిలో అందరికీ పళ్లాయనే. మెట్ల పక్కనున్న ఇరుకు గదిలో, గులాబీ రంగు మైనం వాసన మధ్య, బోసినోళ్లకు పళ్లు అమర్చేవాడు. గది యజమాని పైవాటాలోనే కాపురం.

ఒకరోజు గది ఖాళీ చేయమంటూ కోర్టు నుంచి సమన్లు వచ్చాయి. పళ్లాయన గాబరాగా పైకి వెళ్తే, యజమాని నవ్వుతూ భుజం మీద చెయ్యి వేశాడు.

"అదా? ఉత్త తంతు. మా చుట్టాల నోరు మూయించడానికి వేశా. నువ్వు కోర్టు గడప తొక్కక్కర్లేదు, పని చూసుకో."

పళ్లాయన ఊపిరి పీల్చుకుని మళ్లీ పనిలో పడ్డాడు. వారం గడిచాక ఆ సంగతి భార్య చెవిన పడింది.

"భుజం మీద చెయ్యేసి మరీ చెప్పాడా? అయితే ఏదో ఉంది. పదండి లాయరు దగ్గరికి."

లాయరమ్మ కాగితాలు చదివి కళ్లజోడు తీసింది. "ఇది తొందరగా తేల్చేసే రకం దావా అండీ. ఇందులో మీరు నేరుగా వాదించలేరు. వాదించుకునే అనుమతి ఇమ్మని ముందు కోర్టును అడగాలి. గడువులోగా అడక్కపోతే ఆయన రాసిందంతా మీరు ఒప్పుకున్నట్టే. గడువు ఎల్లుండితో సరి."

పళ్లాయన చొక్కా భుజాన్ని రెండుసార్లు దులుపుకున్నాడు.

"ఇంతకీ గది ఎందుకట?" అంది భార్య.

"దిక్కులేని తన అక్క తల దాచుకోవడానికట" అంది లాయరమ్మ.

ఆ అక్క వీధి చివర సొంత మేడలో ఉంటుంది, సంగీతం టీచరు. ఇద్దరూ నేరుగా ఆవిడ దగ్గరికే వెళ్లారు. విషయం విని ముందు నవ్వింది. తర్వాత ముఖం కందిపోయింది.

"నేను దిక్కులేనిదాన్నా? ఆ బొక్కలో నేనుండాలా? నన్నొక్క మాటైనా అడక్కుండా నన్ను బిచ్చగత్తెను చేశాడా! ఎక్కడ సంతకం పెట్టాలి బాబూ?"

గడువు దాటకుండా అనుమతి కోరుతూ దరఖాస్తు పడింది, ఆవిడ ప్రమాణ పత్రంతో సహా. యజమాని లాయరు అదంతా కాలయాపన అన్నాడు. జడ్జి ఆవిడ పత్రాన్ని నిదానంగా చదివాడు. యజమాని అవసరం నిజమో కాదో విచారించి తేల్చాల్సిందేనని, పళ్లాయనకు వాదించుకునే అనుమతి ఇచ్చాడు.

కోర్టు వరండాలో యజమాని అక్కకు అడ్డం వచ్చాడు. "అద్దెవాడి కోసం సొంత తమ్ముణ్ణి రచ్చకీడుస్తావా అక్కా?"

"అక్కా అనకు. ఒళ్లు జలదరిస్తోంది" అని ఆవిడ మెట్లు దిగిపోయింది.

అక్క సాక్ష్యం చెప్పే వాయిదా దగ్గరపడగానే యజమాని దావా వెనక్కి తీసుకున్నాడు. మర్నాడు ఏమీ జరగనట్టు మెట్ల మీద నిలబడి, "ఏం బాబూ, పని జోరుగా సాగుతోందా?" అని పలకరించాడు. ఆ మర్నాడూ అంతే. ఆ గొంతు వినపడితే చాలు, పళ్లాయనకు ముద్ద దిగేది కాదు.

చివరికి రెండు వీధుల అవతల వేరే గది చూసుకున్నాడు.

"గెలిచింది మనం. పోవడమేంటి?" అంది భార్య.

"వాడు గెంటితే పోవడం వేరు. నాకు రోతపుట్టి పోవడం వేరు" అన్నాడు, పళ్ల అచ్చుల పెట్టెకు తాడు బిగిస్తూ.