ఇరవయ్యారేళ్ళకు ఒక్క క్లోజప్

ఆర్లో టిబ్బెట్స్ ముఖం మీరు ఏదో సినిమాలో చూసే ఉంటారు. పేరు మాత్రం చచ్చినా గుర్తు రాదు. హోటల్ గుమాస్తా, పల్లెటూరి డాక్టరు, మొదటి రీల్లోనే కాల్పుల్లో పోయే బ్యాంకు మేనేజరు, అన్నీ ఆయనే. హాలీవుడ్‌లో ఇరవయ్యారేళ్ళు అలాగే నెట్టుకొచ్చాడు. ఏ డైరెక్టరూ కెమెరాను ఆయన ముఖం దాకా తీసుకెళ్ళిన పాపాన పోలేదు.

"ఒక్కసారి తెరంతా నా మొహమే ఉండాలి ఇర్మా. ఆ తరవాత మళ్ళీ ట్రేలు మోసే వేషాలే వేస్తాలే," అనేవాడు నాతో.

నేను స్టూడియోలో కంటిన్యుటీ చూసేదాన్ని. ముందు షాట్‌లో ఎవరి టోపీ ఏ చేతిలో ఉంది, సిగరెట్టు ఎంత కాలింది, అన్నీ రాసుకుని తర్వాతి షాట్‌లోనూ అలాగే ఉండేట్టు చూడాలి. దానికి తోడు ఇంకో చాకిరీ. తన క్లోజప్పులు అయిపోగానే హీరోయిన్ కారెక్కి చక్కాపోయేది. ఎదుటివాళ్ళకు తీసేటప్పుడు కెమెరా పక్కన కూర్చుని ఆమె మాటలు నేను చదవాలి. అలా ఆర్లోకు చెల్లెలినయ్యాను, కూతురినయ్యాను, ఒకసారి కోర్టులో జడ్జినయ్యాను.

"బయట మాత్రం నాతో కాఫీ తాగడానికి నీకు తీరికుండదు," అని దెప్పేవాడు.

తీరిక లేకేం, ధైర్యమే లేదు. ఆయనంటే నాకు ప్రాణం. ఆ ముక్క ఆయనకు తప్ప నా గది గోడలన్నిటికీ చెప్పుకున్నాను.

1951లో ఒక సినిమా. కూతురిని రైలెక్కించే తండ్రి వేషం ఆర్లోది. దూరం నుంచి తీసిన షాట్‌లో ఆయన కళ్ళద్దాలు తీసి జేబులో పెట్టుకుని కళ్ళు తుడుచుకున్నాడు. తర్వాత హీరోయిన్ క్లోజప్పులు తీశారు, ఆమె వెళ్ళిపోయింది. డైరెక్టర్ లూమిస్ గడియారం చూసుకున్నాడు.

"ఆరింటికి సెట్టు విప్పేస్తారు. టిబ్బెట్స్, నీ మొహం తీస్తున్నాం. ఒక్కటే టేకు, చెడగొట్టావో అంతే సంగతులు."

 లైట్లు సర్దేలోపు ఆర్లో తన మాటలు ఒకసారి చూసుకున్నాడు. కెమెరా తిరిగింది. "వెళ్ళొస్తాను నాన్నా," అని నేను చదివాను. ఆయన తలెత్తి నా వైపు చూశాడు. ఆ చూపుకు నా ఒళ్ళోని కాగితాలు ఎక్కడున్నాయో కూడా నాకు తెలియలేదు. లైట్లు పట్టుకునే మొరటువాళ్ళు సైతం ముక్కులు చీదుకున్నారు.

నాలుగు రోజుల తర్వాత ఎడిటర్ నన్ను పిలిచి ఆ ముక్క చూపించాడు. జేబులో ఉండాల్సిన కళ్ళద్దాలు ఆర్లో ముక్కు మీదున్నాయి. మాటలు చదువుకోవడానికి పెట్టుకుని తియ్యడం మరిచాడు. అది చూసి ఆపడానికే స్టూడియో నాకు జీతమిచ్చేది.

"దీన్ని ఎక్కడ అతకమంటావు?" అన్నాడు ఎడిటర్. నాకు తల కొట్టేసినట్టయింది. సినిమాలో ఆ చోట హీరోయిన్ ముఖమూ, ఆర్లో మెడ వెనక భాగమూ మిగిలాయి.

మర్నాడు స్టూడియో ఎదుటి కాఫీ హోటల్లో ఆయన పక్కన కూర్చుని చెప్పేశాను. "మీ క్లోజప్ తీసేశారు. కళ్ళద్దాలు. తప్పు నాది."

"తెలుసు," అన్నాడు ఆర్లో. "రెండో మాట దగ్గరే తెలిసింది."

"మరి ఆపలేదేం? మళ్ళీ తీసేవాళ్ళేమో కదా."

"ఆపితే నువ్వు తల దించేసుకుని కాగితాలు చూసుకునేదానివి. నన్నెవరూ అట్లా చూళ్ళేదు ఇర్మా. ఇంకాస్సేపు చూడనీ అనుకున్నా."

అప్పుడైనా నేను నోరు విప్పాల్సింది. సిగ్గేసి, చెర్రీ కేకు ఇంకో ముక్క తెమ్మని హోటలమ్మాయిని కేకేసి ఆ మాట దాటేశాను. ఆ చలికాలమే అరిజోనాలో షూటింగు జరుగుతుండగా ఆర్లోకు గుండె ఆగిపోయింది.

ఎడిటింగ్ గదిలో పనికిరాని ఫిల్మును ఊడ్చి పారేస్తారు. అయినా ఆ ముక్క ఎక్కడైనా మిగిలి ఉంటే చూడాలని ఇప్పటికీ నా ప్రాణం కొట్టుకుంటుంది. అందులో ఆయన చూస్తున్నది నన్ను.