కింది ఇంటి ఫోను

నా చిన్నప్పుడు, డెబ్భైల చివర్లో, అమెరికాలో మేముండే అపార్ట్‌మెంట్‌లో మా కింది ఇంటి అంకుల్ ఒపెరా గాయకుడు. ఒపెరా అంటే మొదటి నుంచి చివరి దాకా పాటగానే సాగే నాటకం. ఆయనది బేస్-బారిటోన్ గొంతు. బరువుగా కింద నడుస్తుంది, కావాలంటే పైకీ ఎక్కుతుంది. అలాంటి గొంతుకి రాజులు, గురువులు, సైతానుల వేషాలే దొరుకుతాయట. ప్రేమించే హీరో వేషం తనకి ఈ జన్మలో రాదని ఆయనే నవ్వుతూ చెప్పేవారు.

అమెరికా దక్షిణాది పల్లెలో, నల్లవాళ్ళ చర్చిలో పాడుతూ పెరిగిన మనిషి. ఇక్కడ వేషాలు దొరక్క జర్మనీ వెళ్ళి, చిన్నచిన్న ఊళ్ళలో ఏడేళ్ళు పాడారు. తిరిగొచ్చాక మా నగరంలోని పెద్ద థియేటర్‌లో ఉద్యోగం దొరికింది. ఉద్యోగమంటే పాడటం కాదు. పాడే పెద్దాయనకి జబ్బు చేస్తే ఆ వేషం కట్టడానికి సిద్ధంగా ఉండటం. ఆట ఉన్న రోజు గడ్డం గీసుకుని, ఇస్త్రీ చొక్కా వేసుకుని, ఫోను పక్కన కూర్చోవాలి. పిలిస్తే అరగంటలో థియేటర్‌లో ఉండాలి. అలా తొమ్మిదేళ్ళు కూర్చున్నారు. పెద్దాయన ఆరోగ్యం మాత్రం దివ్యంగా ఉండేది.

మా అమ్మ నర్సు. నాన్న వేరే రాష్ట్రంలో చదువుకుంటూ నెలకోసారి వచ్చేవాడు. అందుకని స్కూలయ్యాక నేను అంకుల్ ఇంట్లోనే ఉండేదాన్ని.

ఆ శనివారం గుంటూరులో ఉన్న మా అమ్మమ్మకి తెల్లవారితే ఆపరేషన్. అప్పట్లో ఇండియాకి కాల్ బుక్ చేసుకుని, లైన్ దొరికి ఆపరేటర్ తిరిగి చేసేదాకా కాచుకోవాలి. మా ఫోను పాడై వారమైంది. అమ్మ అంకుల్‌ని అడిగి ఆయన నంబర్ ఇచ్చింది. పది గంటలకల్లా వస్తుందన్న కాల్ పదిన్నరైనా రాలేదు. అమ్మకి డ్యూటీ టైమైంది. మధ్యాహ్నం ఆట కాబట్టి, పదకొండు నుంచి అంకుల్ ఫోను ఖాళీగా ఉండాలి.

"వస్తే నువ్వే మాట్లాడు. త్రీ మినిట్స్, అంతే. అంకుల్ ఫోన్ ఎంగేజ్ చేయకు, ఆయనకి థియేటర్ నుంచి కాల్ రావచ్చు," అని చెప్పి అమ్మ కార్ తాళాలు తీసుకుని పరుగెత్తింది.

పన్నెండుకి ఫోను మోగింది. గరగర శబ్దంలో అమ్మమ్మ గొంతు. "నువ్వేనటే పిల్లా? అమ్మ డ్యూటీకెళ్ళిందా? సర్లే, ప్రార్థన చేసుకుందాం. కళ్ళు మూసుకో."

మా ఇంట్లో ప్రార్థన మొదలైతే పాలు పొంగిపోతున్నా ఆమెన్ అనేదాకా ఎవరూ కదలరు. అమ్మమ్మ కత్తి పట్టే డాక్టరు చేతుల కోసం ప్రార్థించింది. తర్వాత అమ్మ కోసం, నాన్న చదువు కోసం, నా లెక్కల పరీక్ష కోసం. ఎంతసేపైందో తెలియక ఒక కన్ను తెరిచాను. అంకుల్ నా ఎదురుగా నిలబడి చేతి గడియారం మీద వేలితో కొట్టి చూపిస్తున్నారు. ఆయన్ని అంత కంగారుగా ఎప్పుడూ చూడలేదు. నేను చూడనట్టే మళ్ళీ కన్ను మూసుకున్నాను. అమ్మమ్మని ఆపడానికి భయమేసింది. నిజం చెప్పాలంటే, ఆపాలనీ లేదు.

మరోసారి చూసేసరికి ఆయన కుర్చీలో కూర్చుని తల వంచుకుని ఉన్నారు. భాష తెలియకపోయినా అది ప్రార్థనని ఆయనకి అర్థమైంది. సరిగ్గా అప్పుడే అమ్మమ్మ, "ఈ ఫోను ఇచ్చిన బిడ్డని కూడా దీవించు తండ్రీ" అంటోంది.

ఫోను పెట్టగానే మళ్ళీ మోగింది. థియేటర్ వాళ్ళు. పెద్దాయనకి పొద్దున్న జ్వరమొచ్చింది. పావుగంట నుంచి ఎన్నిసార్లు చేసినా లైన్ ఎంగేజే. ఇక ఆగలేక ఇంకొకాయన్ని పిలిచేశారు. అంకుల్ విన్నారు, సరేనన్నారు, పాడేవాడికి శుభం చెప్పమన్నారు. ఫోను పెట్టాక చాలాసేపు దాని మీంచి చెయ్యి తీయలేదు.

నాకు ఏడుపు ఆగలేదు. కోపం వచ్చిందా అంకుల్ అని అడిగాను. పెద్దవాళ్ళు అలాంటప్పుడు లేదమ్మా అంటారు. ఆయన అనలేదు.

"వచ్చింది. నీ మీద కూడా వచ్చింది. ఎప్పటికి పోతుందో నాకే తెలియదు," అన్నారు ఇంగ్లీషులో. "కానీ సోమవారం స్కూలయ్యాక నువ్వు ఇక్కడికే రావాలి." ఆ మాట చెప్పి తన గదిలోకి వెళ్ళి తలుపు వేసుకున్నారు.

సోమవారం కాళ్ళీడ్చుకుంటూ వెళ్ళాను. తలుపు తీశారు. నవ్వలేదు. బల్ల మీద ఎప్పటిలాగే నా శాండ్‌విచ్ అంచులు కోసి పెట్టి ఉంది. రెండు వారాలు మా మధ్య పెద్దగా మాటల్లేవు. శాండ్‌విచ్ మాత్రం ఒక్క రోజూ తప్పలేదు. మూడో వారంలో నా లెక్కల పుస్తకం లాక్కుని, ఈ అంకెలు కోడి గీసిందా అని అడిగారు. ఆ రోజు ఇంటికెళ్ళి కడుపునిండా అన్నం తిన్నాను.

అమ్మమ్మ కోలుకుని మరో ఆరేళ్ళు బతికింది. అంకుల్‌కి ఆ స్టేజి ఎక్కే అవకాశం మళ్ళీ రాలేదు. ఎనభైల మధ్యలో ఏదో చిన్న ఊరి కాలేజీలో పాట నేర్పడానికి వెళ్ళిపోయారు. ఆ రోజు ఆయన సైగ నేను చూశానని ఎప్పుడూ చెప్పలేకపోయాను. ఆయనా అడగలేదు.

ఇప్పుడు నాకు మనవలున్నారు. కోపం వస్తే రాలేదని వాళ్ళతో అబద్ధమాడను. వచ్చిందనే చెప్తాను. కానీ తలుపు వేసుకునే ముందు, మళ్ళీ ఎప్పుడు రావాలో చెప్పి మరీ వేసుకుంటాను.