సముద్రంలోకి దిగిన కెమెరా

నా చిన్నప్పుడు సినిమా వాళ్లు వస్తున్నారని తెలిసి మా ఊరంతా తలలు దువ్వుకుంది. జువ్వలదిన్నెకు దిగువన, ఇసుకలోకి పడవలు లాగి పెట్టుకునే చిన్న పల్లె మాది. నేనైతే పావడాకు గంజి పెట్టించుకుని మరీ నిలబడ్డాను. తీరా వచ్చింది ముగ్గురే. హీరో లేడు, పాటా లేదు. ఒకాయన భుజాన కెమెరా, ఒకాయన చేతిలో మైకు, మూడో ఆయనకు తెలుగు వచ్చు. ఎమర్జెన్సీ ఎత్తేసిన కొత్త రోజులవి. ఎమర్జెన్సీలో ఏం జరిగిందో మామూలు మనుషుల నోటనే విని, సినిమా తీసి దేశానికి చూపిస్తామన్నారు. పాట లేని సినిమా ఏంటని నాకు ఏడుపొక్కటే తక్కువ.

జరిగింది ఊళ్లో అందరికీ తెలుసు. ఒకరోజు సంత నుంచి వస్తున్న మగవాళ్లను జీపులో ఎక్కించుకుపోయి, పిల్లలు పుట్టకుండా ఆపరేషన్లు చేసి పంపారు. వాళ్లలో మా చిన్నాయన ఒకడు. ఆయనకింకా పెళ్లి కాలేదు. కుదిరిన సంబంధం కాస్తా తప్పిపోయింది. ఆ తర్వాత మా ఇంట్లో ఎవరూ ఆ మాట ఎత్తలేదు. ఆయన అన్నం కూడా తల దించుకునే తినేవాడు.

మా పల్లెకు పెద్ద, ఊరి కాపు, ముందే హెచ్చరించాడు. ఈ కెమెరా వాళ్లు ఇవాళ ఉంటారు, రేపు పోతారు, జీపు మళ్లీ రాదని ఎవరు చెప్పగలరు, ఎవరూ నోరు మెదపొద్దని. దాంతో అడిగిన ప్రతివాళ్లూ "అంతా బాగానే ఉండాది సార్" అని పళ్లికిలించారు. నేనూ ఇకిలించాను.

ఎండుచేపలు తిరగేస్తూ మా అవ్వ ఇదంతా చూసింది. చేతులు కడుక్కుని లేచి, చిన్నాయన దగ్గరకు వెళ్లి "చెప్పమంటావా నాయనా?" అంది. అవ్వ ఒకరిని అడిగి మాట్లాడటం నేను చూడటం అదే మొదటిసారి. ఆయన చేతిలోని వల పక్కన పెట్టి తలెత్తాడు.

"చెప్పుమ్మా. నేనేం తప్పు చేసినాను?"

అవ్వ నేరుగా సముద్రంలోకి నడిచింది. మా పల్లెలో తగువు తీర్చేటప్పుడు సాక్ష్యం చెప్పేవాళ్లు మోకాలి లోతు నీళ్లలో, గంగమ్మకు ఎదురుగా నిలబడి చెప్పాలి. ఒక్కసారే చెప్పాలి. ఆమెకు తెలిసిన సాక్ష్యం అదే. కెమెరాకు ఆమె వీపు మాత్రమే కనిపిస్తోంది. తెలుగు వచ్చినాయన ఇటు తిరగమని ఒడ్డు నుంచి బతిమాలాడు.

"నేను గంగమ్మకు చెప్తుండా నాయనా. కావాలంటే నువ్వే ఇట్టా రా."

ఆడవాళ్లు నవ్వారు. కెమెరా ఆయన నవ్వలేదు. చెప్పులు విప్పి, కెమెరా భుజానికెత్తుకుని నీళ్లలోకి దిగాడు. మైకు ఆయనా వెనకే దిగాడు. అవ్వను దాటి ఎదురుగా నిలబడాలంటే నడుము లోతుకు పోవాలి. మొదటి అలకే కెమెరా ఆయన తూలాడు. అప్పుడు మా చిన్నాయన పరుగున వెళ్లి, వెనక నుంచి ఆయన నడుమును రెండు చేతులా పట్టుకున్నాడు.

అవ్వ చెప్పింది. జీపు వచ్చిన దారి చెప్పింది, కొడుకు పేరు చెప్పింది, తప్పిపోయిన సంబంధం సంగతీ చెప్పింది. ఆ కొడుకు కెమెరా వెనకే నిలబడి ప్రతి మాటా విన్నాడు. పట్టు మాత్రం వదల్లేదు. రోజూ నాకు తల దువ్వే అవ్వేనా ఈవిడ అనిపించింది. ఆమె ఒడ్డుకు రాగానే, ఆ జీపు ఎక్కిన ఇంకొకాయన పంచె ఎగగట్టుకుని నీళ్లలోకి దిగాడు.

జీపు మళ్లీ రాలేదు. సినిమా కూడా మాకెవరూ చూపలేదు. మొన్నీమధ్య మా మనవరాలు ఎక్కడో వెతికి దాన్ని ఫోనులో పట్టింది. మా ఇంట్లో అవ్వ ఫోటో ఒక్కటీ లేదు. ఇన్నేళ్లకు అరచేతిలో ఆమె ముఖం. కింద పేరు లేదు, నెల్లూరు జిల్లా మత్స్యకార మహిళ అని మాత్రం ఉంది. మధ్యలో ఒక అల కొట్టి బొమ్మ పక్కకు ఒరుగుతుంది, అంతలోనే నిలబడుతుంది. కెమెరా ఊగిందిలే అంటుంది మనవరాలు. నేను ఆ చోటే మళ్లీ మళ్లీ పెట్టించుకుంటాను. సినిమాలో ఎక్కడా కనిపించని మా చిన్నాయన అక్కడున్నాడు.

ఉన్నమాట చెప్పడానికి భయం వేసినప్పుడల్లా, ఈ వయసులోనూ, నా నడుము చుట్టూ ఆ రెండు చేతులు ఉన్నట్టే ఉంటుంది.