కథలాపూర్ రాస్తారోకోలో క్లారినెట్

తెలంగాణ ఉద్యమం జోరుగా ఉన్న రోజులు. కోరుట్ల నుంచి సిరిసిల్ల పోయే మా బస్సును కథలాపూర్ దగ్గర రాస్తారోకోలో ఆపేశారు. పక్క సీటులోని ముసలాయన ఒళ్లో క్లారినెట్ ఉంది. పెళ్లి బ్యాండులో వాయిస్తాడట. నా నోరు ఊరుకుంటుందా? బస్సంతా వినేలా ఒక కోత కోశాను. "నేను జగిత్యాలల పదేండ్లు వాయించిన చాచా."

"అయితే వాయించు బేటా," అని చేతికిచ్చాడు. అందరూ మెడలు సాచి చూస్తున్నారు. ఇక పరువు పోయినట్టే అనుకుంటూ కుడిచేయి పైన, ఎడమచేయి కింద పెట్టి పట్టుకున్నాను.

అక్కడే ఆయనకు దొరికిపోయాను. నా చేతులు మెల్లగా కిందామీదా మార్చి, "చానా రోజులైంది గదా, పట్టు మర్చిపోయినవ్," అని గట్టిగా అన్నాడు. తర్వాత నా చెవిలో, "అన్ని రంధ్రాలు ఇడిచిపెట్టి ఊదితే ఒక స్వరం. ఎనకది బొటనేలుతోని మూస్తే ఇంకోటి. ముందట చూపుడేలు గూడ పెడితే మూడోది. బుగ్గలు ఉబ్బియ్యకు," అన్నాడు.

ఊదితే మేక అరిచినట్టు వచ్చింది. బస్సంతా నవ్వింది.

"మూతికాడ ఊదే రీడు పుల్ల ఎండింది. పిలగాని తప్పేం లేదు," అన్నాడు చాచా అందరితో.

రాస్తారోకోవాళ్లు బస్సుకు దారి ఇచ్చేసరికి మూడు స్వరాలూ సాఫుగా పలికాయి.

సిరిసిల్లలో దిగుతూ, "ఇగ నువ్వన్నది పూరా అబద్ధం కాదు పో," అన్నాడు.

నేను కోసే కోతలన్నీ నమ్మే మా ఇంట్లో, ఎవరూ నమ్మనిది నిజంగా జరిగిన ఇదొక్కటే.