పాలు పొంగించని బంగళా

ఆ రోజుల్లో సినిమా చూసి భయపడాలంటే, అది భయపడాల్సిన సినిమా అని ముందుగా ఎవరో ఒకరు చెప్పాలి. మాకెవరూ చెప్పలేదు. కోస్గిలో డేరా టాకీసు వేయగానే, ఇంటిల్లిపాదీ చూసే బొమ్మ అని ఎవరో అంటే విని మా బాపు అందరినీ వెంటబెట్టుకు పోయాడు. ఆయన ఎత్తు వేరే ఉంది. ఊళ్లో మా దొడ్డి గొర్రెలకు చాలడం లేదు, ఎండలు ముదరకముందే ఊరికి దూరంగా బాయికాడ కట్టిన ఇంటికి మారాలి. మా అవ్వేమో (బాపును కన్నతల్లి) "మనిషి సప్పుడు లేని జాగల నేనుండ" అని మొండికేసింది. ఆమెను సంతోషపెట్టి ఒప్పిద్దామని ఆయన ఆశ.

తీరా చూస్తే తెర మీద తల్లీ తండ్రీ ఇద్దరు పిల్లలు అడవిలో ఒంటరి బంగళాకు కాపురం వచ్చారు. బాపు ముఖం మాడిపోయింది. ఆ తర్వాత ఎంతసేపటికీ ఏమీ జరగదు. తలుపు కిర్రుమంది, దీపం ఊగింది, ఆ తల్లి కిటికీలోంచి ఊరికే చూస్తూ నిలబడింది. హిందీ మాటలు నాకు సగమే అందేవి. భయపడాలో ఆవులించాలో తెలియక మా అమ్మ ముఖం చూశాను, అమ్మ నా ముఖం చూసింది.

"గా తలుపుకు జర ఆముదం పెట్టున్రయ్యా" అని అవ్వ తెరకు చెప్పింది. పైన అడుగుల చప్పుడైతే "పిల్లి" అని తేల్చేసింది. చివరికి తండ్రి మాయమయ్యాడు, పిల్లలు మాయమయ్యారు, దయ్యం మాత్రం కనబడనే లేదు. బాపు నా చెయ్యి పట్టుకున్నాడు. నాకు ధైర్యం ఇవ్వడానికేమో అనుకున్నాను గాని, కళ్లు గట్టిగా మూసుకున్నది ఆయనే.

బయటికి రాగానే "బాయికాడికి వద్దులే అవ్వా, ఈడనే ఉందాం" అన్నాడు.

"ఎందుకొద్దుర? ఆళ్లు పాలు పొంగియ్యకుంట ఇంట్ల దిగిన్రు, గందుకే గట్లయింది. నేను మొదటికెల్లి సూస్తనే ఉన్న. మనం పొంగిచ్చుకుందాం. రేపే నడువు!"

బొమ్మంతా మళ్లీ గుర్తుచేసుకున్నాం. నిజమే, పాలు పొంగించిన జాడే లేదు. కొత్తింట్లో మేకపాలు పొంగి పొయ్యిలో కారేదాకా అవ్వ ఒక్క మూట కూడా లోపల పెట్టనివ్వలేదు. బాపు మాత్రం చాలా రోజులు గొర్రెల మధ్యే పడుకున్నాడు (కాపలాకట).

ఇప్పుడు మనవలు టీవీలో అలాంటివే చూస్తారు. ఎక్కడో మంచులో ఒంటరి ఇల్లు, ఒక కుటుంబం, గంటసేపు ఏమీ జరగదు. పిల్లలు దుప్పట్లో ముడుచుకుంటారు, నాకు ఇప్పటికీ ఎందుకో అర్థం కాదు. "వీళ్లు పాలు పొంగిచ్చిన్రా?" అని అడిగితే పడీపడీ నవ్వుతారు. నవ్వనీ. కొత్త ఇంట్లోకి ఎవరు సామాన్లు దించుతున్నా నా కళ్లు ముందు పొయ్యి దిక్కే పోతాయి.